మా నాయన అరబ్బీ

ఆ కుర్రాడు "అమ్మో" అన్నాడు. మా నాయన ట్రాలీ వదిలేసి, "ఏమైందప్పా, యాడ తగిలింది?" అంటూ అతని కాళ్ల వంక చూశాడు.

ఎక్కడా ఏమీ తగల్లేదు. అది అమెరికాలో, డెట్రాయిట్ పక్కనున్న డియర్‌బోర్న్‌లో, వారెన్ అవెన్యూ మీదున్న ఒక సరుకుల కొట్టు. పదహారేళ్లుంటాయేమో, ఆ లెబనీస్ పిల్లాడు అక్కడ సంచులు సర్దే పని చేస్తాడు. వాళ్ల యాసలో "అమ్మో" అంటే బాబాయ్. కాస్త వయసు మళ్లినవాళ్లు ఎవరు కనిపించినా అలాగే పిలుస్తారు. బియ్యం మూట కారు దాకా తెచ్చిపెడతానంటున్నాడు, అంతే.

నాయన ఇవ్వలేదు. మూటను రెండు చేతులా పొట్టకు అదుముకుని తనే మోసుకొచ్చాడు. ఆ పిల్లాడు ఊరుకోకుండా వెంట వచ్చి డిక్కీ ఎత్తి పట్టుకున్నాడు. కారు రెండు సిగ్నళ్లు దాటేదాకా నాయన నోరు విప్పలేదు. తర్వాత, "అరబ్బు పిలగాడు నా మూట మోస్తానంటాడేందిమ్మా" అన్నాడు. నవ్వుతూ అన్నాడో, నొచ్చుకుని అన్నాడో నాకు తెలియలేదు.

మా నాయన కువైట్‌లో మొత్తం 22 ఏళ్లు పనిచేశాడు. 1984లో రాజంపేట నుంచి బొంబాయి, అక్కణ్ణుంచి ఖాదిం వీసా మీద ఒక ఇంట్లో డ్రైవరుగా. ఖాదిం అంటే నౌకరు. పాస్‌పోర్టు కఫీల్, అంటే వీసా ఇప్పించిన యజమాని, బీరువాలో ఉండేది. ఇంటాయన బాబా, ఇంటావిడ మామా. పిల్లల్ని బడి దగ్గర దింపాలి, మామాను సూక్‌కు, అంటే బజారుకు, తీసుకెళ్లాలి, ఆమె కొన్నవన్నీ పట్టుకుని నాలుగడుగులు వెనక నడవాలి. గుమ్మం దాటి వీధిలోకి వస్తే ఆయన పేరు రఫీక్. నిఘంటువులో రఫీక్ అంటే స్నేహితుడు. కువైట్ వీధుల్లో మాత్రం రఫీక్ అంటే ఢాకావాడో, కేరళవాడో, కడపవాడో, పేరు అడిగే పని లేనివాడు.

నాకు ఊహ తెలిసేసరికి నాయన రెండేళ్లకోసారి సూట్‌కేసుతో వచ్చే మనిషి. టాంగ్ డబ్బా, నిడో పాలపొడి, అమ్మకు రెండు చీరలు, ఎవరెవరికో ఇవ్వాల్సిన అత్తరు సీసాలు. ఊళ్లో ఆయనకు ఒక గౌరవం ఉండేది, అరబ్బీ వచ్చినవాడని. కొత్తగా వీసా వచ్చిన పిల్లలు సాయంత్రాలు మా అరుగు మీద కూర్చుని నాలుగు ముక్కలు నేర్చుకుని పోయేవాళ్లు. జీబ్ అంటే తీసుకురా, రూ అంటే పో, బాదేన్ అంటే తర్వాత, ఖల్లాస్ అంటే అయిపోయింది. నేనూ పక్కన కూర్చుని వినేదాన్ని. ఆ పాఠాల్లో "దయచేసి" అన్న మాట ఒక్కసారి కూడా వినలేదని ఇప్పుడు అనిపిస్తుంది.

ఇక నా సంగతి. కార్ల విడిభాగాలు పరీక్షించే ఉద్యోగం మీద ఏడేళ్ల కిందట డియర్‌బోర్న్ వచ్చాను. డెట్రాయిట్ చుట్టుపక్కల మన తెలుగువాళ్లు ఎక్కువగా నోవై, కాంటన్, ఫార్మింగ్టన్ హిల్స్‌లో ఉంటారు. నేను డియర్‌బోర్న్ తూర్పు వైపు ఇల్లు తీసుకున్నానంటే ఒక గృహప్రవేశంలో నలుగురూ ఒక్కసారే తలెత్తారు. "అక్కడ అంతా వాళ్లే కదా, భయం వేయదూ?" ఆఫీసు దగ్గర, అద్దె తక్కువ అని తప్పించుకున్నాను. అసలు కారణం చెబితే నవ్వుతారని చెప్పలేదు. రాత్రి పదకొండింటికి కూడా వీధిలో మనుషులు కనిపిస్తారు, అందుకే ఉంటున్నాను. అమెరికాలో ఇది ఎంత అపురూపమో ఇక్కడ బతికేవాళ్లకు తెలుసు.

ఆ "వాళ్లు" ఒకళ్లు కారు. 2020 జనాభా లెక్కల ప్రకారం డియర్‌బోర్న్‌లో ఉన్న సుమారు లక్షా పదివేల మందిలో సగానికి పైగా, దాదాపు 55 శాతం, మధ్యప్రాచ్యం, ఉత్తర ఆఫ్రికా మూలాలున్నవాళ్లు. అందులో పెద్ద భాగం దక్షిణ లెబనాన్ వాళ్లు. బింత్ జ్బైల్ అనే ఒక్క పట్టణం నుంచే వేలమంది ఇక్కడ ఉన్నారు. 1975లో మొదలై పదిహేనేళ్లు సాగిన అంతర్యుద్ధం వాళ్లను తెచ్చి ఇక్కడ పడేసింది. 1991లో సద్దాం మీద తిరగబడి, సౌదీ ఎడారిలో రఫ్హా శిబిరంలో ఏళ్లతరబడి గడిపి వచ్చిన ఇరాకీలున్నారు. ఫోర్డ్ కార్ల కంపెనీ రూజ్ ఫ్యాక్టరీ పొగ గొట్టాల పక్కన, సౌత్ఎండ్ అనే పేటలో, యెమెనీలున్నారు. ఉత్తరాన స్టెర్లింగ్ హైట్స్ వైపు వెళితే ఇరాక్ నుంచే వచ్చిన కల్దీయులు కనిపిస్తారు. వాళ్లు క్రైస్తవులు, ఇంటి భాష అరామిక్. వాళ్లను అరబ్బులంటే చాలామంది ఒప్పుకోరు. మనల్నందర్నీ కలిపి "మద్రాసీ" అంటే మనం ఒప్పుకున్నామా?

నాయన వచ్చిన కొత్తలో వారెన్ అవెన్యూలో నడవడానికి ఇష్టపడేవాడు కాదు. ప్రతి బోర్డు మీదా అరబ్బీ. మంగలి షాపు, మిఠాయి కొట్టు, పన్నుల లెక్కలు చూసే ఆఫీసు, పళ్ల డాక్టరు. "అమెరికా చూపిస్తానని మళ్లీ సాల్మియాకే తెచ్చినావు" అనేవాడు. సాల్మియా కువైట్‌లో ఒక పేట. పోలీసు కారు పక్కనుంచి పోతే చెయ్యి జేబు మీదికి వెళ్లేది, బతాకా కోసం. కువైట్‌లో ఆ గుర్తింపు కార్డు లేకుండా బయటికొస్తే అంతే సంగతులు. కువైట్ వదిలి పదిహేనేళ్లయినా ఆ చెయ్యి మరిచిపోలేదు.

ఆయన్ని మార్చింది పక్కింటి గరాజు.

డియర్‌బోర్న్ గరాజుల గురించి తప్పకుండా చెప్పాలి. ఇక్కడ గరాజు ఉన్నది కారు కోసం కాదు. నేల మీద తివాచీ, గోడ వెంట పాత సోఫాలు, ఒక టీవీ, ఒక హీటరు. మార్చిలో మంచు కరగ్గానే షట్టర్ పైకి లేస్తుంది, నవంబరు దాకా దిగదు. వచ్చేపోయేవాళ్లు చెప్పులు బయట విడిచి లోపలికెళ్లి కూర్చుంటారు. మన అరుగులే అనుకోండి. పెరట్లో ద్రాక్ష పందిరి. దాని కాయల్ని పిచ్చుకలకు వదిలేసి ఆకులు మాత్రం లెక్కపెట్టినట్టు కోసుకుంటారు, అన్నం కూరి చుట్టడానికి.

మా పక్కింటి పెద్దాయన యెమెన్‌లోని ఇబ్ ప్రాంతం వాడు. డెబ్బై దాటాయి. వీధిలో అందరూ హజ్జి అంటారు, నేనూ అదే అంటాను. జూన్‌లో ఒక సాయంత్రం నాయన మా మెట్ల మీద కూర్చుని ఉంటే హజ్జి మనవడు ఒక గాజు గ్లాసు పట్టుకొచ్చాడు. ఏలకులు, లవంగాలు దట్టించి, పాలు పోసి మరిగించిన టీ. దాన్ని షాయ్ అదనీ అంటారు, ఏడెన్ టీ అని. ఏడెన్ రేవును 1839 నుంచి దాదాపు వందేళ్ల పాటు బొంబాయి నుంచే పాలించారు. అక్కడ 1951 దాకా మన రూపాయే చెల్లింది. ఆ టీ మన టీలా ఉండటంలో వింతేమీ లేదు. నాయన ఒక గుక్క తాగి గ్లాసు వంక చూసుకున్నాడు. తర్వాత గ్లాసు తిరిగి ఇవ్వడానికి తనే లేచి గరాజు దాకా వెళ్లాడు. ఏదో అన్నాడు. లోపల ఉన్న ఇద్దరు కుర్రాళ్లు ఫక్కున నవ్వారు.

ఆ నవ్వుకు నాకు ఒళ్లు మండింది. వెళ్లి హజ్జి మనవణ్ని ఇంగ్లిష్‌లో నిలదీశాను. వాడికి పదకొండేళ్లు, శనివారం బడిలో అరబ్బీ వ్యాకరణం చదువుతాడు. పాపం భయపడిపోయాడు. "ఆంటీ, మీ నాన్నగారు మాట్లాడింది అరబ్బీ కాదు. మాటలు మావే. కానీ అలా ఎవరూ అనరు" అన్నాడు.

వాడు చెప్పింది నిజమే. గల్ఫ్‌లో కూలీలకు, యజమానులకు మధ్య పుట్టిన ఒక పొట్టి భాష ఉంది. భాషాశాస్త్రజ్ఞులు దానికి గల్ఫ్ పిడ్జిన్ అరబిక్ అని పేరు పెట్టి వ్యాసాలు రాశారు. అందులో లింగం లేదు, వచనం లేదు, కాలం లేదు. అసలు అరబ్బీలో క్రియకు ఎన్ని రూపాలో ఆ పిల్లాడి పుస్తకం చూస్తే గుండె ఆగుతుంది. ఇందులో ఒక్కటే. "నేను పోతాను", "నువ్వు పో", "ఆమె పోయింది" – అన్నిటికీ ఒకటే "రూ". ఉంటే "ఫీ", లేకపోతే "మాఫీ". "తెలియదు" అనాలంటే "మాఫీ మాలూమ్". అందులో "సీదా" ఉంది, "సేమ్ సేమ్" ఉంది. అంటే హిందీ, ఇంగ్లిష్ ముక్కలు కూడా కలిసిపోయాయి. యజమాని కూడా నౌకరుతో దీంట్లోనే మాట్లాడతాడు. అందుకని నౌకరుకు తాను మాట్లాడుతున్నది అసలు భాష కాదని తెలిసే దారే ఉండదు.

మా అరుగు మీద ఊరి పిల్లలు నేర్చుకున్నది అదన్నమాట.

ఈ సంగతి నాయనకు చెప్పాలా వద్దా అని నేను రెండు రోజులు తన్నుకులాడాను. చెప్పే పని లేకపోయింది. మూడో రోజు చూస్తే హజ్జి, నాయన సోఫాలో పక్కపక్కన కూర్చుని గలగలా మాట్లాడుకుంటున్నారు. కుర్రాళ్లు నోళ్లు తెరుచుకుని చూస్తున్నారు, తమ తాత ఆ భాష మాట్లాడగా వాళ్లెప్పుడూ వినలేదట.

హజ్జి దాన్ని నేర్చుకున్నది జెద్దాలో. అక్కడ ఆయనకు ఒక బూఫియా ఉండేది. టీ, ఆమ్లెట్ రొట్టె, పళ్లరసం అమ్మే చిన్న కొట్టు. వచ్చేవాళ్లంతా కట్టడం పనుల కూలీలు – మనవాళ్లు, పాకిస్తానీలు, ఫిలిప్పీన్స్ వాళ్లు. పద్నాలుగేళ్లు ఆ భాషలోనే అమ్మాడు, అప్పులు రాసుకున్నాడు, పోట్లాడాడు. "ఇంతా కం సనా కువైత్?" అని హజ్జి అడిగాడు, నువ్వు కువైట్‌లో ఎన్నేళ్లు ఉన్నావని. నాయన రెండు చేతుల వేళ్లూ రెండుసార్లు చూపించి, పైన ఇంకో రెండు చూపించాడు. మధ్యలో ఒక వేలు మడిచి, "సద్దాం" అన్నాడు. హజ్జి తన వేలూ మడిచి, "సేమ్ సేమ్" అన్నాడు.

1990 ఆగస్టు 2న ఇరాక్ సైన్యం కువైట్‌లోకి దిగింది. నాయన ఉన్న ఇంటి బాబా కుటుంబం అంతకు వారం ముందే వేసవి సెలవులకు లండన్ వెళ్లింది, ఆయన పాస్‌పోర్టున్న బీరువాకు తాళం వేసుకుని. నాయన స్క్రూడ్రైవరుతో ఆ బీరువా తెరిచాడు. దొంగతనం చేసినట్టు ఇప్పటికీ గొంతు తగ్గించే చెబుతాడు. బస్సులో ఇరాక్ మీదుగా జోర్డాన్, ఎడారిలో గుడారాలు, అమ్మాన్ నుంచి ఎయిర్ ఇండియా విమానం. అప్పట్లో దాదాపు రెండు నెలల్లో 488 విమానాల మీద లక్షా డెబ్బై వేల మందిదాకా భారతీయుల్ని తీసుకొచ్చారు. నడుముకు గుడ్డలో కట్టుకున్న ఆరేళ్ల దినార్లు బొంబాయి దిగేసరికి కాగితాలే. మార్చేవాడు లేడు. నాకప్పుడు రెండేళ్లు. నన్ను ఎత్తుకోబోతే కొత్త మనిషని కేకలు పెట్టానట.

హజ్జి కథ అదే నెలల్లో, ఇంకో వైపు నుంచి. ఆ ఏడే యెమెన్ ఉత్తర దక్షిణాలు ఒకటయ్యాయి. భద్రతామండలిలో ఆ దేశానికి సభ్యత్వం ఉంది. ఇరాక్ మీద యుద్ధానికి అది ఒప్పుకోలేదు, చివరి ఓటింగులో క్యూబాతో కలిసి వద్దనే చేయెత్తింది. అంతకుముందే సెప్టెంబరులో సౌదీ ఒక చిన్న నిబంధన మార్చింది. అప్పటిదాకా యెమెనీలు కఫీల్ లేకుండా అక్కడ పని చేసుకోవచ్చు, సొంత కొట్టు పెట్టుకోవచ్చు. ఇక కుదరదన్నారు. సుమారు 8 లక్షల మంది సామాన్లు సర్దుకుని సరిహద్దు దాటారు. హజ్జి బూఫియాలోని ఫ్రిజ్, పొయ్యి, గ్లాసులు, అన్నీ కలిపి ఎంతకమ్మాడో చెప్పి చేతులు దులిపాడు. ఆ అంకె నాకు అర్థం కాలేదు. నాయనకు అర్థమైంది, నాలుక చప్పరించాడు.

కాసేపటికి నాయన హుషారుగా ఒక మాట అన్నాడు. ఐక్యరాజ్యసమితి కమిషను కువైట్ నుంచి పారిపోయి వచ్చినవాళ్లకు నష్టపరిహారం ఇచ్చింది, కొందరికి మనిషికి 2,500 డాలర్లు. ఇరాక్ చమురు డబ్బులోంచి. కొన్నేళ్లకు మాకూ వచ్చాయి. మా ఇంటి మేడ గది ఆ డబ్బుతో లేచిందే. నాయన ఆ అంకె వేళ్ల మీద చెప్పి, "ఇంతా?" అన్నాడు, మరి నీకెంత అని.

"మాఫీ" అన్నాడు హజ్జి.

నాయన ముఖం చూడాలి. గ్లాసు ఎత్తాడు, అందులో టీ లేదు, అయినా తాగినట్టు నటించాడు. ఆ తర్వాత ఆ గరాజులో డబ్బు మాట ఎప్పుడూ ఎత్తలేదు.

హజ్జికి డియర్‌బోర్న్ కొత్త ఊరు కాదు. ఆయన తండ్రి 1960ల్లోనే వచ్చి రూజ్ ఫ్యాక్టరీలో చేశాడు. కుటుంబం ఇబ్ కొండల్లో, మనిషి ఇక్కడ, నలుగురైదుగురు మగవాళ్లు ఒక గదిలో. మూడు నాలుగేళ్లకోసారి ఇంటికి. చిన్నతనంలో హజ్జికి తండ్రంటే ఎవరో, నాకు మా నాయనంటే ఎవరో, ఒకటే లెక్క.

యెమెనీలు ఇక్కడికి ఎలా చేరారని అడిగితే ఈ ఊళ్లో ఎవరైనా ఒకటే కథ చెబుతారు. హెన్రీ ఫోర్డ్ ఒకసారి రేవులో ఒక యెమెనీ నావికుడితో మాట కలిపి, మా ఫ్యాక్టరీలో రోజుకు ఐదు డాలర్లు ఇస్తామని చెప్పాడట, అతను ఆ కబురు ఏడెన్‌కు మోసుకెళ్లాడట. నిజమో కాదో దేవుడికెరుక. ఐదు డాలర్ల కూలి మాత్రం నిజం. 1914లో, డియర్‌బోర్న్‌కు కాస్త దూరంలోని హైలాండ్ పార్క్ ఫ్యాక్టరీలో మొదలైంది. ఆ ఫ్యాక్టరీ చుట్టూ అప్పటికే సిరియన్లు, లెబనీస్ ఉన్నారు. 1921లో అక్కడే ఒక మసీదు కట్టారు, అది ఎక్కువ రోజులు నిలవలేదు. ఫోర్డ్ పని రూజ్‌కు మారాక మనుషులూ వెంట కదిలారు. సౌత్ఎండ్‌లో డిక్స్ అవెన్యూ మీద 1938లో తెరిచిన మసీదు ఇప్పటికీ ఉంది.

వీళ్లందరికంటే ముందు అమెరికా దిగిన అరబ్బులు ఎక్కువమంది క్రైస్తవులు. 1880ల నుంచి లెబనాన్ కొండల్లోంచి వచ్చారు. పట్టు ధర పడిపోయి, ద్రాక్ష తోటలకు తెగులు పట్టి, చివరికి ఒట్టోమాన్ సైన్యంలో చేరక తప్పదనే భయంతో. కాగితాల మీద వాళ్ల పేరు "టర్కులు". వీపున మూట వేసుకుని, దారం, సూదులు, లేసులు అమ్ముకుంటూ ఊరూరా నడిచారు. న్యూయార్క్‌లో దిగువ మన్‌హాటన్‌లో వాళ్ల పేట ఒకటి ఉండేది, లిటిల్ సిరియా అనేవాళ్లు. 1940ల్లో సొరంగ మార్గం కోసం దాన్ని పడగొట్టారు.

సౌత్ఎండ్‌కూ అదే గతి పట్టాల్సింది. 1942 నుంచి 1978 దాకా డియర్‌బోర్న్ మేయరుగా ఉన్న ఆర్విల్ హబ్బర్డ్ నల్లవాళ్లను ఊళ్లోకి రానివ్వనని బాహాటంగా చెప్పిన మనిషి. ఆయన హయాంలోనే నగరపాలిక సౌత్ఎండ్‌లో ఒక్కో ఇల్లూ కొని కూల్చడం మొదలుపెట్టింది, ఫ్యాక్టరీలకు స్థలం కావాలని. జనం కోర్టుకెక్కారు. 1973లో ఫెడరల్ జడ్జి వాళ్లవైపు తీర్పిచ్చాడు. 1985 ఎన్నికల్లో కూడా ఒక అభ్యర్థి "అరబ్ సమస్య" అని కరపత్రం పంచి మేయరుగా గెలిచాడు. ఇప్పటి మేయరు అబ్దుల్లా హమ్మూద్, లెబనీస్ కుటుంబం. 2022 జనవరిలో పదవిలోకి వచ్చాడు. హబ్బర్డ్ విగ్రహం పాత సిటీ హాల్ ముందు 2015 దాకా ఉండేది. రోడ్డుకు అవతల, సరిగ్గా దానికెదురుగా, 2005లో అరబ్ అమెరికన్ మ్యూజియం కట్టారు. ఆ పదేళ్లూ అవి రెండూ ఎదురెదురుగా నిలబడి ఉన్నాయన్నమాట.

ఒక ఆదివారం అమ్మానాయనల్ని ఆ మ్యూజియానికి తీసుకెళ్లాను. బయటికొచ్చి భోంచేస్తూ, ఫోర్డ్ కంపెనీ వలస కూలీల కోసం నడిపిన ఇంగ్లిష్ బడి గురించి చెప్పాను. చదువు పూర్తయిన రోజు ఒక నాటకం వేసేవాళ్లు. వేదిక మధ్యలో పెద్ద కుండ. కూలీలు ఎవరి దేశపు బట్టల్లో వాళ్లు ఒక వైపు నుంచి అందులోకి దిగేవాళ్లు. పంతుళ్లు పెద్ద గరిటెలతో కలిపేవాళ్లు. రెండో వైపు నుంచి సూటు వేసుకుని, చిన్న అమెరికా జెండా ఊపుతూ బయటికొచ్చేవాళ్లు. ఇంత అవమానం ఎక్కడైనా ఉంటుందా అని నా ఉద్దేశం.

నాయన అన్నం కలుపుతూ ఆగాడు. "మమ్మల్ని ఏ కుండలోనూ వెయ్యలేదమ్మా. 22 ఏండ్లు చేసినా, పనైపోయింది, రూ అన్నారు" అన్నాడు. నేను దానికి ఏం చెప్పాలో తెలియక పప్పు వడ్డించాను.

కుండలోకి దిగినంత మాత్రాన అన్నీ అయిపోయేవి కావులెండి. పౌరసత్వం కావాలంటే "తెల్లవాడు" అని కోర్టు ఒప్పుకోవాలి. 1915లో దక్షిణ కరోలినాలో జార్జ్ డౌ అనే సిరియన్‌ను అప్పీలు కోర్టు తెల్లవాడేనంది. 1923లో మన పంజాబీ భగత్ సింగ్ థింద్‌ను సుప్రీంకోర్టు కాదంది. 1942లో ఇక్కడే, డెట్రాయిట్ కోర్టులో, అహ్మద్ హసన్ అనే యెమెనీని జడ్జి కాదు పొమ్మన్నాడు. యెమెనీలు బాగా నల్లగా ఉంటారట, పైగా ముస్లింలట. రెండేళ్లకే మసాచుసెట్స్‌లో ఇంకో జడ్జి ఒక అరబ్బును తెల్లవాడే అన్నాడు. చివరికి అరబ్బులంతా ప్రభుత్వ ఫారాల్లో "వైట్" గడిలోనే ఉండిపోయారు. వేరే గడి పెట్టాలని నిర్ణయించింది 2024 మార్చిలో. ఆఫీసులో నా పక్క సీటు లెబనీస్ ఆవిడ అంటుంది: "ఫారంలో తెల్లదాన్ని, ఎయిర్‌పోర్టులో అరబ్బుని." 2024 సెప్టెంబరు, అక్టోబరుల్లో లెబనాన్ మీద బాంబులు పడుతున్నప్పుడు ఆవిడ ఏ మీటింగులోనూ జోకులు వేయలేదు. ఫోన్ బల్ల మీద వెల్లకిలా పెట్టుకుని కూర్చునేది.

హజ్జి ఇంట్లో అలాంటి ఎదురుచూపు ఇంకా పొడుగ్గా సాగింది. సనాలో అమెరికా ఎంబసీ 2015లో మూసేశారు. అందుకని వాళ్ల చిన్న కోడలు వీసా కోసం సముద్రం దాటి జిబూటీ వెళ్లి కూర్చుంది. 2017లో యెమెన్ సహా ఏడు దేశాల వాళ్లను రానివ్వమని ఆర్డరొచ్చింది. ఆమె ఇక్కడికి చేరేసరికి నాలుగేళ్లు దాటింది. అక్కడ పుట్టిన కొడుకే మాకు టీ తెచ్చిన పిల్లాడి తమ్ముడు. వాడు వాళ్ల నాన్నను మొదట్లో "ఫోన్ బాబా" అని పిలిచేవాడట.

అమ్మకు ఈ ముచ్చట చెబితే నవ్వలేదు. అమ్మ గరాజులోకి పోదు, అది మగవాళ్ల చోటు. హజ్జి భార్యతో ఆమె స్నేహం వెనక తలుపు దగ్గర, గిన్నెలు ఇచ్చిపుచ్చుకోవడంలో. ఇద్దరికీ ఒక్క మాట కూడా ఉమ్మడిగా లేదు, గల్ఫ్ పొట్టి భాష కూడా. ఒకరోజు మనవడు మధ్యలో నిలబడి అటూ ఇటూ తర్జుమా చేశాడు. పెద్దావిడ అడిగిందట, మీ ఆయన లేకుండా ఎన్నేళ్లున్నావని. అమ్మ 22 అంది. ఆవిడ 14 అంది. "నాదే ఎక్కువ" అంది అమ్మ తెలుగులో, పందెం గెలిచినట్టు. ఆవిడ ఏమర్థం చేసుకుందో, అమ్మ భుజం మీద గట్టిగా ఒక్కటి చరిచింది.

అక్టోబరు ఆఖర్లో అమ్మానాయన తిరిగి వెళ్లారు. వెళ్లే ముందు నాయన సరుకుల కొట్టుకు ఒకసారి పోదామన్నాడు. కొనాల్సిందేమీ లేదు. అయినా ఒక బియ్యం మూట కొన్నాడు. ఆ కుర్రాడు కనిపిస్తే ట్రాలీ వదిలి పక్కకు జరిగి, "యల్లా అమ్మో" అన్నాడు, పద బాబాయ్ అని. కుర్రాణ్నే బాబాయ్ అన్నాడన్నమాట. వాడు పగలబడి నవ్వాడు. నేను నాయనకు సరిచెప్పబోయాను. హజ్జి మనవడు చెప్పాడు తర్వాత, వాళ్లలో పెద్దవాళ్లు కూడా చిన్నవాళ్లను తిరిగి అదే మాటతో ముద్దుగా పిలుస్తారని. ఇది నాయనకు తెలిసి అన్నాడా, పొరపాటునా? అడిగితే "మాఫీ మాలూమ్" అంటాడు.

ఇప్పుడు ఫిబ్రవరి. గరాజు షట్టర్ దించి ఉంది. హజ్జి, నాయన వాట్సాప్‌లో వాయిస్ మెసేజీలు పెట్టుకుంటారు. హజ్జికి ఫోన్ సరిగ్గా రాదు, మనవడు నొక్కిపెడతాడు. నాయన తనకొచ్చినవి నాకూ పంపిస్తుంటాడు. నిన్న హజ్జి మోకాలి లోతు మంచు ఫొటో పెట్టి, "సల్జ్ వాజిద్" అన్నాడు, మంచు బాగా పడిందని. వెనకాల పార చప్పుడు వినిపిస్తోంది. రాజంపేటలో అప్పుడే ఎండలు మొదలైనట్టున్నాయి. నాయన జవాబు పంపాడు. ఫ్యాను శబ్దం, దూరంగా అమ్మ ఎవరినో తిట్టడం, తర్వాత ఆయన గొంతు: "హినా మాఫీ. హినా మతర్ కూడా మాఫీ." ఇక్కడ లేదు, ఇక్కడ వాన కూడా లేదని.

మధ్యలో ఆ "కూడా" ఏమిటో హజ్జికి ఎలా అర్థమైందో నాకు తెలియదు. రెండు నిమిషాల్లో తిరిగి మెసేజ్ వచ్చింది: "కూడా, కూడా."